టోక్యోలో ఒక్క రోజు అనిమే టూర్: అందరూ అడిగే ప్రశ్నలు, నా జవాబులు

నా ఉద్యోగం టోక్యోలో. శని, ఆదివారాల్లో అనిమే (జపాన్ యానిమేషన్ సినిమాలు, సిరీస్‌లు) టూర్లకు గైడ్‌గా వెళ్తుంటాను. హైదరాబాద్ నుంచి, విజయవాడ నుంచి, డల్లాస్ నుంచి ఎవరు మెసేజ్ పెట్టినా తిప్పి తిప్పి ఇవే అడుగుతున్నారు. ఒకే జవాబు వాట్సాప్‌లో ఇరవయ్యోసారి టైప్ చేసే ఓపిక లేక ఇక్కడ రాసి పెట్టాను. వరసగా చదవక్కర్లేదు, మీ డౌట్ ఎక్కడుంటే నేరుగా అక్కడికి వెళ్లిపోండి.

## బుక్ చేసే ముందు

ఒక్క రోజులో అనిమే ప్లేసులన్నీ చుట్టేయొచ్చా?

కుదరదు. అకిహాబారా, ఇకెబుకురో, నకానో, షిబుయా, ఒడైబా, మిటాకా అని ఆరు పేర్లు రాసుకుని వస్తారు, అవేమో ఊరంతా విసిరేసినట్టు తలో దిక్కున ఉంటాయి. రైళ్లు టైముకే వస్తాయి గానీ పెద్ద స్టేషన్లలో ఒక ప్లాట్‌ఫాం నుంచి ఇంకో ప్లాట్‌ఫాంకి నడవడానికే పది నిమిషాలు పోతాయి. పొద్దున 10 నుంచి సాయంత్రం 6 దాకా సాగే టూర్‌లో తృప్తిగా చూడగలిగేది రెండు పేటలు, గట్టిగా లాగితే మూడు. ఐదు చూపిస్తామని రాసిన టూర్ కనబడితే ఒక్కోచోట ఎంతసేపు ఆగుతారో అడగండి. నలభై నిమిషాలు అన్నారంటే మీరు ఒక షాపులో రెండో అంతస్తు ఎక్కేలోపే "పదండి పదండి" అంటారు.

గూగుల్ మ్యాప్స్ ఉండగా గైడ్ దేనికండీ?

నిజం చెప్పాలంటే అందరికీ అక్కర్లేదు. మీకు ఒకే సిరీస్ మీద పిచ్చి, జపనీస్ కాస్త చదవడం వచ్చు, రోజంతా దారి తప్పి తిరిగినా సరదానే అంటే గైడ్ డబ్బులు మిగుల్చుకుని బొమ్మలు కొనుక్కోండి. మిగతావాళ్లకు గైడ్ పనికొచ్చేది దారి చూపడానికి కాదు. ఇక్కడ షాపులు పక్కపక్కన ఉండవు, ఒకదాని మీద ఒకటి ఉంటాయి. సన్నగా పొడుగ్గా ఉండే బిల్డింగ్, నలుగురు పట్టే లిఫ్టు, ఐదో అంతస్తులో పాత గేముల షాపు, ఆరో అంతస్తులో ఇంకేదో, బోర్డు మొత్తం జపనీస్‌లో. మ్యాప్ మిమ్మల్ని బిల్డింగ్ గుమ్మం దాకా తెస్తుంది, లోపలికి కాదు. సెకండ్ హ్యాండ్ బొమ్మకు అంటించిన చిన్న కాగితం మీద డబ్బా నలిగిందనో, సీల్ తీయలేదనో, ఒక చెయ్యి అతికించారనో జపనీస్‌లో రాసి ఉంటుంది. అది చదివిపెట్టే మనిషి పక్కనుంటే కొనేటప్పుడు ధైర్యంగా ఉంటుంది.

మా అబ్బాయికి అనిమే అంటే ప్రాణం, నాకు ఒక్క ముక్క తెలీదు. నాకు బోర్ కొడుతుందా?

అకిహాబారాలో మూడో బొమ్మల షాపు దగ్గర మీకు విసుగు రావడం ఖాయం, అది తప్పేం కాదు. అందుకే అమ్మానాన్నలు వచ్చే టూర్‌లో నేను పొద్దున్నే కాందా మ్యోజిన్ గుడికి తీసుకెళ్తాను, అకిహాబారా నుంచి పది నిమిషాల నడక. 730లో మొదలైందని చెప్పుకునే గుడి అది, కానీ ఇవాళ అక్కడ కంప్యూటర్లు చెడిపోకుండా కాపాడే తాయెత్తులు అమ్ముతారు, మొక్కులు రాసి కట్టే చెక్క పలకల మీద అభిమానులు అనిమే పాత్రలు గీసి వేలాడదీస్తారు. సాఫ్ట్‌వేర్ ఉద్యోగులు ఆ తాయెత్తు కొనని టూర్ నేనింతవరకు చూడలేదు. అయినా మీకేమీ తెలీదనుకోవడం కూడా పొరపాటే. డోరేమాన్, షిన్‌చాన్ తెలుగులో మాట్లాడుతుంటే అన్నం తినిపించిన ఇళ్లే కదా మనవి.

గ్రూప్ టూర్ మేలా, ప్రైవేట్ టూర్ మేలా?

ఒక్కరో ఇద్దరో వస్తే గ్రూప్. ముసలివాళ్లు గానీ, చిన్నపిల్లలు గానీ, పక్కా శాకాహారులు గానీ ఉంటే ప్రైవేటే తీసుకోండి, ఎందుకంటే గ్రూప్‌లో మీ ఒక్కరి కోసం భోజనం చోటు మారదు.

టూర్ ధరలో ఏమేం కలిసి ఉంటాయి?

చాలా టూర్లలో ఆ ధర అంటే గైడ్ ఫీజు మాత్రమే. రైలు చార్జీలు, మధ్యాహ్నం భోజనం, మెయిడ్ కెఫే (పనిమనిషి వేషంలో అమ్మాయిలు వడ్డించే కెఫే) బిల్లు, గేముల మీద పెట్టే చిల్లర, మ్యూజియం టికెట్లు మీవే. కొన్నిచోట్ల గైడ్ రైలు చార్జీ, గైడ్ భోజనం కూడా అతిథులే పెట్టుకోవాలని చిన్న అక్షరాల్లో రాస్తారు. తర్వాత గొడవ పడేకన్నా ముందే అడగడం మంచిది. వంద యెన్లంటే ఈ మధ్య కాస్త అటూ ఇటూగా 60 రూపాయలు, లెక్కకు అది గుర్తుంచుకుంటే చాలు.

గిబ్లీ మ్యూజియం కూడా అదే రోజు పెట్టగలరా?

ఇది నన్ను అందరికన్నా ఎక్కువ ఏడిపించే ప్రశ్న. గిబ్లీ అంటే పేరున్న అనిమే సినిమాలు తీసిన స్టూడియో, దాని మ్యూజియం మిటాకాలో ఉంది, 2001లో తెరిచారు. గేటు దగ్గర టికెట్ అమ్మరు. ప్రతి నెల 10వ తేదీన జపాన్ టైం పొద్దున 10 గంటలకు వచ్చే నెల టికెట్లు ఆన్‌లైన్‌లో వదులుతారు, అంటే మన దగ్గర ఉదయం ఆరున్నర. ఆ టైముకి అలారం పెట్టుకుని కూర్చోవాలి. వారాంతం టికెట్లు తత్కాల్ టికెట్లలాగే ఎగిరిపోతాయి. టికెట్ మీద తేదీ, లోపలికి వెళ్లాల్సిన గంట రాసి ఉంటాయి. పెద్దలకు 1,000 యెన్లు. మామూలుగా మంగళవారం సెలవు. స్టేషన్ నుంచి నడిస్తే పదిహేను, ఇరవై నిమిషాలు, బస్సు కూడా ఉంది. లోపల ఫోటోలు తీయనివ్వరు.

రానూపోనూ ప్రయాణంతో కలిపి సగం రోజు దానికే పోతుంది. టికెట్ మీ చేతికి వచ్చాకే టూర్ రోజు ఫిక్స్ చేసుకోండి, ముందు టూర్ బుక్ చేసి "టికెట్ ఎలాగైనా సంపాదించండి" అంటే నా వల్ల కాదు, ఇంకెవరి వల్లా కాదు. నా సలహా అయితే గిబ్లీని విడిగా ఇంకో రోజు నిదానంగా చూడండి, అది పరుగెత్తుతూ చూసే చోటు కాదు.

ఏ నెలలో వస్తే బాగుంటుంది?

మార్చి చివరి నుంచి మే దాకా, లేదంటే అక్టోబర్, నవంబర్. జూన్ నుంచి జులై మధ్య దాకా వానలు. ఆగస్టులో ఎండ 35 డిగ్రీలు, పైగా ఉక్క, "మాకు రెంటచింతల ఎండలే అలవాటు" అని వచ్చినవాళ్లు కూడా మధ్యాహ్నం రెండింటికి ఏసీ షాపులోంచి బయటికి రాలేదు. ఏప్రిల్ చివర, మే మొదట్లో జపాన్ వాళ్ల వరస సెలవులు, ఊరంతా జనమే. అభిమానులైతే మాత్రం ఆగస్టు, డిసెంబర్ నెలల్లో టోక్యో బిగ్ సైట్‌లో జరిగే కామికెట్, మార్చిలో జరిగే అనిమే జపాన్ తేదీలు చూసుకుని రావచ్చు. కామికెట్ 1975 నుంచి నడుస్తోంది, అభిమానులు సొంతంగా అచ్చేసుకున్న పుస్తకాలు అమ్ముకునే జాతర అనుకోండి.

ఆదివారం మంచిదా, మామూలు రోజా?

ఆదివారం మధ్యాహ్నం 1 గంట నుంచి సాయంత్రం దాకా అకిహాబారా పెద్ద రోడ్డు మీద వాహనాలు ఆపేస్తారు, రోడ్డు మధ్యలో నిలబడి ఫోటో దిగొచ్చు. అది కావాలంటే ఆదివారం. షాపుల్లో ఊపిరాడాలంటే మామూలు రోజు.

ఇండియా పాస్‌పోర్టుకు వీసా కావాలా?

కావాలి, ఇక్కడ దిగాక ఇచ్చే వీసా లేదు. ముందే అప్లై చేసుకోండి. టూర్ బుకింగ్ కాగితం చూపించి వీసా తెచ్చుకోవచ్చా అని అడుగుతుంటారు, ఒక్క రోజు టూర్ కాగితానికి అంత బలం ఉండదు.

## ముందు రోజు

ఏమేం పట్టుకుని రావాలి?

అసలు పాస్‌పోర్టు, జిరాక్స్ కాదు. విదేశీయులు పాస్‌పోర్టు వెంట ఉంచుకోవాలన్నది ఇక్కడి రూలు, షాపుల్లో పన్ను తగ్గింపుకు కూడా అదే అడుగుతారు. సుయికా గానీ పాస్మో గానీ కార్డు ఒకటి, అందులో రెండు మూడు వేల యెన్లు వేసుకోండి, మన మెట్రో కార్డులాగే గేటు మీద ఆనిస్తే చాలు. కార్డులు నడిచినా పాత షాపుల్లో, బొమ్మల మిషన్లలో నోట్లు, చిల్లరే కావాలి. పవర్ బ్యాంక్ మర్చిపోవద్దు. ఒక ఖాళీ సంచి కూడా పెట్టుకోండి, కొన్నవి వేసుకోవడానికి ఒకటి, చెత్త వేసుకోవడానికి ఇంకోటి అయితే ఇంకా మంచిది. 1995లో సబ్‌వేలో విషవాయువు దాడి జరిగాక రోడ్ల మీద, స్టేషన్లలో చెత్తబుట్టలు చాలావరకు తీసేశారు. తాగేసిన బాటిల్ పట్టుకుని గంటసేపు తిరిగే మనిషిని చూస్తే టూరిస్టని దూరం నుంచే తెలిసిపోతుంది.

ఎంత నడవాలి? మా అమ్మకు మోకాళ్ల నొప్పులు.

నా ఫోన్‌లో టూర్ రోజు 15 వేల అడుగులు ఎప్పుడూ దాటుతాయి. స్టేషన్లలో లిఫ్టులు ఉంటాయి గానీ అవి ప్లాట్‌ఫాం చివర ఎక్కడో ఉంటాయి, పాత బిల్డింగుల్లో మెట్లే దిక్కు. అమ్మగారు వస్తున్నారంటే ఆ సంగతి బుక్ చేసేటప్పుడే చెప్పండి, ఒకే పేట పెట్టుకుని మధ్యలో కాఫీకి కూర్చునేలా ప్లాన్ మారుస్తాం. కొత్త బూట్లతో మాత్రం రావొద్దు.

కాస్‌ప్లే వేసుకుని రావచ్చా?

కాస్‌ప్లే అంటే అనిమే పాత్రల వేషం కట్టడం. చట్టం అడ్డు చెప్పదు గానీ ఇక్కడ అలా రైలెక్కి తిరిగేవాళ్లు దాదాపు ఉండరు. కామికెట్‌లాంటి చోట్ల ఇంటి నుంచి వేషంతో రావొద్దని, అక్కడే గదిలో మార్చుకోవాలని రూలే ఉంది. వీధిలో కాస్‌ప్లే చూడాలన్నా, వేయాలన్నా అక్టోబర్ చివర ఇకెబుకురోలో హాలోవీన్ కాస్‌ప్లే పండగ జరుగుతుంది, అప్పుడు రండి. మామూలు రోజున మీకిష్టమైన పాత్ర టీషర్టు వేసుకుంటే చాలు, షాపు వాళ్లే పలకరిస్తారు.

## టూర్ రోజు

అసలు రోజు ఎలా గడుస్తుంది? ఎక్కడి నుంచి ఎక్కడికి?

నేను పెట్టే దారి ఇది, వేరే గైడ్లది వేరేలా ఉండొచ్చు. పొద్దున 10కి అకిహాబారా స్టేషన్‌లో ఎలక్ట్రిక్ టౌన్ గేటు దగ్గర కలుస్తాం. అంతకన్నా ముందు వచ్చి లాభం లేదు, షాపులు తెరిచేదే 10, 11 గంటలకి. గుడి చూసి 11కి షాపుల్లోకి దిగుతాం: అంతస్తుల నిండా బొమ్మల షాపులుండే రేడియో కైకాన్, పాత అనిమే సరుకులమ్మే మందారాకే వాళ్ల ఎనిమిది అంతస్తుల నల్ల బిల్డింగ్, పాత వీడియో గేములమ్మే సూపర్ పొటాటో. భోజనం అయ్యాక పసుపు గీతల సోబు లైన్ రైలెక్కితే మారే పని లేకుండా నకానో, అరగంట లోపే. సాయంత్రం షిన్‌జుకులో దిగి తూర్పు గేటు బయట బిల్డింగ్ మీద పెద్ద స్క్రీన్‌లోంచి తొంగిచూసే త్రీడీ పిల్లిని, కబుకిచోలో సినిమా హాలు మీద గాడ్జిల్లా తలని చూపించి వదిలేస్తాను. ఆ రెండూ ఉచితం.

పిల్లలుంటే నకానో తీసేసి ఇకెబుకురో పెడతాను. అక్కడ సన్‌షైన్ సిటీలో పోకెమాన్ సెంటర్ ఉంది, నాణెం వేస్తే చిన్న బొమ్మ పడే మిషన్లు మూడు వేలకు పైగా పెట్టి గిన్నిస్ రికార్డుకెక్కిన గచాపాన్ షాపు ఉంది, 2023లో విస్తరించి మళ్లీ తెరిచిన, అనిమే సరుకులమ్మే అనిమేట్ వాళ్ల పెద్ద షాపు కూడా దగ్గరే. ఇకెబుకురో నుంచి యమనోతే లైన్‌లో వెళ్తే రెండో స్టేషన్ తకదనోబాబా, అక్కడ రైలు కదిలే ముందు ప్లాట్‌ఫాం మీద ఆస్ట్రో బాయ్ అనే రోబో కుర్రాడి అనిమే పాట వినిపిస్తుంది, ఎందుకంటే కథలో ఆ రోబో పుట్టింది ఆ పేటలోనే. తలుపులు మూసుకునేలోపు చెవి ఒగ్గి వినండి.

అకిహాబారా ఎందుకంత ఫేమస్?

కోఠి గుజరాతీ గల్లీలో తిరిగినవాళ్లకు ఇది తొందరగా అర్థమవుతుంది. రెండో ప్రపంచ యుద్ధం అయ్యాక ఇక్కడ రోడ్డు పక్కన రేడియో పార్టులు అమ్మేవాళ్లు. ఆ కొట్లను రైలు పట్టాల కిందకి మార్చారు, వేలెడు వెడల్పు దారుల్లో వైర్లు, స్విచ్చులు, ట్రాన్సిస్టర్లు అమ్మే అలాంటి కొట్లు ఇప్పటికీ కొన్ని ఉన్నాయి. తర్వాత టీవీలు, ఫ్రిజ్‌లు వచ్చాయి, 1980ల్లో కంప్యూటర్లు వచ్చాయి, కంప్యూటర్ల కోసం వచ్చే కుర్రాళ్లే గేములూ అనిమే కూడా చూసేవాళ్లు కాబట్టి షాపులు వాళ్ల వెనకాలే మారాయి. ఎవరో కూర్చుని ప్లాన్ వేసి కట్టిన అనిమే నగరం కాదిది. అందుకే నేను మెరిసే బోర్డులకన్నా ముందు ఆ పట్టాల కింద కొట్లు చూపిస్తాను, అతిథులు "బొమ్మలెప్పుడు?" అని అడుగుతున్నా సరే.

నకానోలో ఏముంది? పేరే వినలేదు.

నన్నడిగితే ఒక్కటే చోటికి టైముంటే నకానోకే వెళ్లమంటాను. నకానో బ్రాడ్‌వే 1966లో కట్టిన బిల్డింగ్, కింద షాపులు, పైన ఇళ్లు. 1980లో ఇక్కడ ఒక చిన్న కొట్టులో పాత కామిక్ పుస్తకాలు అమ్మడంతో మందారాకే మొదలైంది, ఇప్పుడు అంతస్తుల నిండా రకానికొకటిగా దానివే బోలెడు కొట్లు. ఆదివారం అబిడ్స్ ఫుట్‌పాత్ మీద పాత పుస్తకాలు తిరగేసిన అలవాటుంటే మీకు టైమే తెలియదు. యాభై ఏళ్ల నాటి రేకు బొమ్మలు, అనిమే కోసం పారదర్శక షీట్ల మీద చేత్తో గీసిన అసలు బొమ్మలు (సెల్ షీట్లు), ఎవరో చిన్నప్పుడు దాచుకున్న స్టిక్కర్లు అన్నీ అద్దాల వెనక ఉంటాయి. చాలా కొట్లు మధ్యాహ్నం 12కి తెరుస్తారు, పొద్దున్నే వెళ్తే షట్టర్లు చూసి రావడమే.

మెయిడ్ కెఫేకి ఫ్యామిలీతో వెళ్లొచ్చా? ఇబ్బందిగా ఉండదా?

వెళ్లొచ్చు. పెద్ద పేరున్న కెఫేల్లో పిల్లలతో వచ్చేవాళ్లను రోజూ చూస్తాను. అకిహాబారాలో ఇవి శాశ్వత కెఫేలుగా మొదలైంది 2001లో. తలుపు తీయగానే "ఇంటికి తిరిగొచ్చారా, దొరవారూ" అని జపనీస్‌లో స్వాగతం చెప్తారు, ఆమ్లెట్ కప్పిన అన్నం మీద కెచప్‌తో బొమ్మ గీస్తారు, అది రుచిగా మారడానికి మీచేత కూడా చేతులతో గుండె ఆకారం పెట్టించి మంత్రం చదివిస్తారు. మొదటి రెండు నిమిషాలు సిగ్గుగా ఉంటుంది. ఆ తర్వాత అందరికన్నా గట్టిగా మంత్రం చదివేది నాన్నలే.

గంటకింత అని కూర్చునే చార్జీ ఉంటుంది, దాని మీద మనిషికి ఒక్కటైనా ఆర్డర్ చేయాలి. తిండిని ఫోటో తీసుకోవచ్చు, మెయిడ్లను తీయకూడదు. వాళ్లతో ఫోటో కావాలంటే డబ్బు కట్టి అప్పటికప్పుడు వచ్చే ఫోటో దిగాలి. ముట్టుకోవడం, అసలు పేరు, ఫోన్ నంబర్ అడగడం నిషేధం.

ఒక్క జాగ్రత్త చెప్పాలి. రాత్రిపూట వీధిలో నిలబడి రమ్మని పిలిచేవాళ్ల వెంట వెళ్లకండి. నేనిక్కడికి వచ్చిన కొత్తలో అలా ఒక కెఫేలోకి వెళ్లి రెండు కూల్‌డ్రింకులకు వచ్చిన బిల్లు చూసి నోట మాట రాలేదు. ధరల కార్డు బయట కనబడని చోట కూర్చోకపోవడమే మంచిది.

పిల్లలు చూడకూడనివి ఉంటాయని విన్నాం, నిజమేనా?

నిజమే. అకిహాబారాలో కొన్ని షాపుల్లో పై అంతస్తులో గానీ ఒక మూల గానీ పెద్దలకు మాత్రమే అన్న సరుకు ఉంటుంది, తెర వేలాడదీసి 18 అంకె పెద్దగా రాస్తారు. తెర దాటితేనే లోపల. కాకపోతే కింద అంతస్తుల్లో కూడా కొన్ని పోస్టర్లు, బొమ్మలు మన ఇళ్లలో చూపించేలా ఉండవు. చిన్నపిల్లలుంటే అకిహాబారా తగ్గించి ఇకెబుకురో, షిబుయా పెంచడం తేలిక. షిబుయా పార్కో ఆరో అంతస్తులో వీడియో గేముల కంపెనీ నింటెండో వాళ్ల షాపు నింటెండో టోక్యో, పోకెమాన్ సెంటర్, జంప్ కామిక్స్ సరుకులమ్మే జంప్ షాప్ ఉన్నాయి. అక్కడ మీకు ఏ టెన్షనూ ఉండదు, పర్సుకు తప్ప.

పెద్ద గుండమ్ బొమ్మ టూర్‌లో ఉంటుందా?

ఒడైబా కలిపిన టూర్ తీసుకుంటే ఉంటుంది. గుండమ్ అంటే అదే పేరున్న అనిమేలోని పెద్ద రోబో. డైవర్ సిటీ అనే షాపింగ్ మాల్ ముందు 2017 సెప్టెంబర్‌లో పెట్టిన యూనికార్న్ గుండమ్ ఎత్తు 19.7 మీటర్లు, అంటే దాదాపు ఆరంతస్తులు. రోజులో కొన్ని వేళల్లో దాని కొమ్ము రెండుగా విడిపోయి ఒళ్లంతా ఎర్రగా వెలుగుతుంది, ఆ టైము చూసుకుని వెళ్తేనే మజా. బయల్దేరే ముందు అది ఇంకా అక్కడే ఉందో లేదో ఒకసారి చూసుకోండి. ఇవి శాశ్వతం కావు, దీనికి ముందున్న గుండమ్‌ను 2017 మార్చిలో తీసేశారు, యోకోహామాలో కదిలే గుండమ్ 2024 మార్చితో ఆగిపోయింది. షింబాషి నుంచి డ్రైవర్ లేని యురికామోమే రైలు ఉంది, ముందు సీటు దొరికితే గుండమ్ కన్నా పిల్లలకు అదే నచ్చుతుంది.

సినిమాలో చూసిన మెట్లు, రైల్వే గేటు చూపిస్తారా?

జపాన్ వాళ్లు దీన్ని సెయిచి జున్‌రెయి అంటారు, అంటే పుణ్యక్షేత్రాల యాత్ర. మాటలోనే భక్తి తెలుస్తోంది కదా. 2016లో వచ్చిన 'యువర్ నేమ్' సినిమా చివర్లోని మెట్లు యోత్సుయాలో సుగా గుడి పక్కన ఉన్నాయి, షిన్‌జుకు వైపు వెళ్తూ ఆగొచ్చు. అది జనం కాపురముండే వీధి, ఎదురుగా ఇళ్లున్నాయి, గట్టిగా మాట్లాడకుండా ఫోటో తీసుకుని వచ్చేయాలి. 'స్లామ్ డంక్' అనే బాస్కెట్‌బాల్ అనిమేలో కనిపించే రైల్వే గేటు మాత్రం టోక్యోలో లేదు, కామకురాలో సముద్రం ఒడ్డున ఉంది, వెళ్లడానికే గంట దాటుతుంది. దానికి వేరే రోజు కావాలి.

వేషాలేసుకుని రోడ్డు మీద గో-కార్ట్ నడిపేది ఉందట, అది?

ఉంది, నేను తీసుకెళ్లను. ఇంటర్నేషనల్ డ్రైవింగ్ పర్మిట్ ఇండియా నుంచే తెచ్చుకోవాలి, ఇక్కడ ఇవ్వరు. లారీల పక్కన నేలకు జానెడెత్తులో కూర్చుని నడపాలి. ఇక నింటెండో పాత్రల వేషాలంటారా, ఒక కార్ట్ కంపెనీ మీద నింటెండో కేసు వేసి గెలిచింది.

ఫోటోలు ఎక్కడ తీయొచ్చు, ఎక్కడ కూడదు?

వీధి, బోర్డులు, బిల్డింగులు తీసుకోండి. షాపు లోపల కెమెరా మీద గీత కొట్టిన బొమ్మ ఉంటే ఫోన్ జేబులో పెట్టేయండి. కరపత్రాలు పంచే మెయిడ్ అమ్మాయిలను అడగకుండా తీస్తే చెయ్యి అడ్డం పెడతారు, కొందరు వెంటనే తీసేయమంటారు. రీల్స్ చేసేవాళ్లకు ఇంకో మాట: రైల్లో ఫోన్‌లో గట్టిగా మాట్లాడితేనే అందరూ చూస్తారు, డాన్స్ చేస్తే నేను మీతో వచ్చినవాణ్ని కానట్టు నిలబడతాను.

## తిండి సంగతి

మేం శాకాహారులం. పస్తులుండాల్సిందేనా?

అక్కర్లేదు, కానీ కంటికి కూరగాయలు కనబడ్డాయని తినేయకండి. నూడుల్స్ పైన అన్నీ ఆకుకూరలే ఉన్నా కింద పులుసు పంది ఎముకలతోనో, ఎండిన చేపతోనో చేసి ఉంటుంది. దాషి అనే ఆ చేప రసం ఇక్కడ మన పోపులాంటిది, అన్నిట్లో పడుతుంది. "మాంసం లేదు" అంటే వాళ్ల లెక్కలో చేప లేదని కాదు. అందుకే భోజనం నేను అదృష్టానికి వదలను. అకిహాబారా నుంచి ఒక్క స్టేషన్ దూరంలో ఒకాచిమాచి ఉంది. నగల, రత్నాల వ్యాపారం చేసే ఇండియన్లు చాలామంది ఉన్న పేట కాబట్టి మన హోటళ్లున్నాయి, ఆంధ్రా కిచెన్ అని మన పేరుతోనే ఒకటుంది. జపాన్ వచ్చి పప్పన్నమా అని కుర్రాళ్లు మొహం మాడ్చుకుంటారు, పెద్దవాళ్లు మాత్రం నాకు దండం పెట్టినంత పని చేస్తారు. జపాన్ రుచే కావాలంటే టోక్యో స్టేషన్ లోపల టీస్ తన్‌తన్ అనే పూర్తి వీగన్ రామెన్ చోటు ఉంది. ఆకలికి ఆగలేకపోతే కిరాణా షాపుల్లో ఉప్పు మాత్రమే వేసిన అన్నం ముద్ద గానీ, ఉమెబోషి పెట్టింది గానీ తీసుకోండి. ఉమెబోషి అంటే పుల్లటి ఊరగాయ పండు, మనవాళ్లకు వెంటనే ఎక్కుతుంది. కొన్ని కంపెనీల ముద్దల్లో చేప రసం ఉంటుంది, వెనక చీటీ గైడ్‌తో చదివించుకోండి.

నడుస్తూ తినొచ్చా?

ఎవరూ పట్టుకోరు గానీ ఎవరూ అలా తినరు. కొన్న షాపు ముందే నిలబడి తినేసి, చెత్త వాళ్లకే ఇచ్చేయండి.

## కొనడం, ఆడటం

బొమ్మలు ఇక్కడ చవకా?

కొత్తవి ఇండియాలో కన్నా చవకే, సెకండ్ హ్యాండ్‌వి ఇంకా చవక. జపాన్ వాళ్లు పాతది అన్నా మన కళ్లకు కొత్తదిలాగే ఉంటుంది. మొదటి షాపులో చూసిందే కొనేయకండి, అదే బొమ్మ రెండు బిల్డింగుల అవతల సగానికి ఉండొచ్చు. అద్దె అల్మారాల షాపులని కొన్ని ఉంటాయి, ఒక్కో చిన్న అద్దాల పెట్టెను ఒక్కో మనిషి అద్దెకు తీసుకుని తన బొమ్మలు తనకు తోచిన ధరకు పెట్టుకుంటాడు. పైపెట్టెలో 3,000 ఉన్నదే కింది పెట్టెలో 1,800కి దొరికిన సందర్భాలున్నాయి. బేరం మాత్రం ఆడకండి, ఇక్కడ ఆ అలవాటు లేదు.

క్రేన్ మిషన్‌లో బొమ్మ గెలవడం సాధ్యమేనా?

సాధ్యమే, డబ్బు పోవడం ఇంకా సాధ్యం. ఒక్కో ఆట 100 యెన్లు. నేను చెప్పే పద్ధతి ఏంటంటే, ముందు సెకండ్ హ్యాండ్ షాపులో ఆ బొమ్మ ధర చూసి రండి, మిషన్‌లో అంతవరకే పెట్టండి, దాటితే వెళ్లి కొనేసుకోండి. కొక్కెం లోపలికి అందని మూలకు బొమ్మ చేరితే అక్కడి సిబ్బందిని పిలిచి చేత్తో చూపించండి, చాలాసార్లు సర్దిపెడతారు. సిగ్గుపడి అడగనివాళ్లే ఎక్కువ పోగొట్టుకుంటారు.

గచాపాన్ అంటే?

నాణెం వేసి పిడి తిప్పితే గుండ్రటి డబ్బాలో చిన్న బొమ్మ పడుతుంది, ఏది పడుతుందో తెలియదు. ఎక్కువ మిషన్లలో 300 నుంచి 500 యెన్లు. ఆఫీసులో పంచడానికి స్వీట్లకన్నా ఇవే నయం. ఖాళీ డబ్బాలు వేయడానికి పక్కనే బుట్ట ఉంటుంది.

పన్ను లేకుండా కొనొచ్చంటారు, ఎలా?

ఒకే షాపులో ఒకే రోజు పన్ను కాకుండా 5,000 యెన్లు, లేదా అంతకు పైన కొంటే, టూరిస్టు పాస్‌పోర్టు చూపిస్తే 10 శాతం పన్ను తీసేస్తారు. 2026 నవంబర్ 1 నుంచి పద్ధతి మారుతోంది: అప్పటి నుంచి ముందు పన్నుతో సహా కట్టి, దేశం దాటేటప్పుడు ఎయిర్‌పోర్టులో కస్టమ్స్‌కు చూపించాక తిరిగి తీసుకోవాలి. అంటే కొన్న సరుకు లగేజీలో అడుగున పడేసి చెక్ ఇన్ చేసేస్తే ఇబ్బంది. చిన్న షాపులన్నింట్లో ఈ సౌకర్యం ఉండదు.

కొన్నవన్నీ విమానంలో తీసుకెళ్లనిస్తారా?

బొమ్మ కత్తులు, లోహంతో చేసిన ఆయుధాల నమూనాలు చేతి సామానులో ఒప్పుకోరు, చెక్ ఇన్‌లో వేయండి. గుండమ్ మోడల్ కిట్లు పర్వాలేదు, వాటికి వాడే స్ప్రే రంగులు, జిగురు మాత్రం ఇక్కడే వదిలేసుకోవాలి. పవర్ బ్యాంకులు చేతి సామానులోనే. పెద్ద డబ్బాలున్న బొమ్మలకు గుడ్డలు చుట్టి సూట్‌కేస్ మధ్యలో పెట్టండి. డబ్బా పారేసి బొమ్మ ఒక్కటే తెచ్చుకుంటానంటే, తర్వాత ఎప్పుడైనా అమ్మాలనుకుంటే ధర పడిపోతుందని గుర్తుంచుకోండి.

## టూర్ అయ్యాక

గైడ్‌కి టిప్ ఎంత ఇవ్వాలి?

ఇవ్వక్కర్లేదు, జపాన్‌లో ఆ పద్ధతే లేదు. హోటల్లో టేబుల్ మీద చిల్లర వదిలేస్తే మర్చిపోయారనుకుని వీధి చివరిదాకా పరుగెత్తుకొచ్చి ఇస్తారు. నాకు ఇంటి నుంచి కందిపొడి తెచ్చిచ్చినవాళ్లున్నారు, అది మాత్రం వద్దనను.

తెలుగువాళ్లమని చెప్తే ఇక్కడెవరికైనా తెలుస్తుందా?

భాష పేరు తెలియకపోవచ్చు, 'ఆర్ఆర్ఆర్' అనండి చాలు. 2022 అక్టోబర్‌లో ఇక్కడ విడుదలై చాలాకాలం ఆడింది, 2024లో తకరాజుకా అనే ఆడవాళ్ల నాటక సంస్థ దాన్ని రంగస్థలం మీద కూడా వేసింది. అంతకుముందు 'బాహుబలి' రెండో భాగానికి హాల్లో అరుస్తూ చూసే ప్రత్యేక ఆటలు వేశారు, మామూలుగా సినిమా హాల్లో కిక్కురుమనని జనం వీళ్లు. అందుకే షాపులో ఎవరైనా చేతులు పట్టుకుని నాటు నాటు స్టెప్పు వేయమంటే కంగారు పడకండి.

మర్నాడు ఇంకో సగం రోజు ఉంది, ఒక్కళ్లమే ఎక్కడికి వెళ్లొచ్చు?

పిల్లలుంటే కవాసాకిలో ఫుజికో ఎఫ్ ఫుజియో మ్యూజియం, డోరేమాన్ గీసినాయనది. షిన్‌జుకు నుంచి ఒడాక్యు రైల్లో నొబోరితో స్టేషన్ దాకా వెళ్తే అక్కడి నుంచి మ్యూజియం బస్సు ఉంటుంది, టైముతో సహా టికెట్ ముందే కొనాలి. 2011లో సెప్టెంబర్ 3న తెరిచారు, అది డోరేమాన్ పుట్టినరోజు. మాంగా (జపాన్ కామిక్స్) చరిత్ర మీద ఆసక్తి ఉన్న పెద్దవాళ్లైతే తోషిమాలో తోకివాసో మ్యూజియం చూడండి. ఒసాము తెజుకా, ఫుజికో ఫుజియో జంట, ఇషినొమోరి, అకత్సుకా వంటి పేరున్న మాంగా గీసేవాళ్లు కుర్రాళ్లుగా ఉన్నప్పుడు అద్దెకున్న చెక్క మేడ అది, అసలుది 1982లో కూల్చేశారు, అచ్చం అలాగే మళ్లీ కట్టి 2020లో తెరిచారు. మెట్లు కూడా పాతవాటిలా కిర్రుమనేలా చేశారు. అందరికీ కలిపి ఉన్న వంటగదిలో స్టవ్వులు, గిన్నెలు చూడండి, బ్యాచిలర్ రూముల్లో గడిపినవాళ్లు అక్కడ కాసేపు ఆగిపోతారు.